గుండిగ ఎవరు పట్టుకెళ్లారు?

కంప్యూటర్ ఉన్న ప్రతి ఇంట్లోనూ ఎప్పుడో ఒకప్పుడు ఈ ముచ్చట జరిగే ఉంటుంది. తెర మీద బొమ్మను రెండుసార్లు నొక్కుతారు. తెరుచుకోవాల్సిన ప్రోగ్రాం తెరుచుకోదు. దాని బదులు మధ్యలో చిన్న డబ్బా, ఎర్రటి గుండ్రంలో తెల్లటి ఇంటూ గుర్తు. 'ఫలానా డీఎల్ఎల్ ఫైలు కనిపించడం లేదు, ప్రోగ్రాంను మళ్లీ ఇన్‌స్టాల్ చేసి చూడండి' అంటూ ఇంగ్లిషులో రెండు ముక్కలు. కింద 'ఓకే' అని ఒకే ఒక్క మీట. ఏం ఓకే? ఎవరికి ఓకే?

నొక్కితే డబ్బా మాయమవుతుంది. ప్రోగ్రాం మాత్రం రాదు. ఇంకోసారి నొక్కితే మళ్లీ అదే డబ్బా. కంప్యూటర్ ఆపి వేస్తారు. యూపీఎస్ కూడా ఆపి వేస్తారు. చివరికి వీధి మొదట్లో ఉన్న కంప్యూటర్ కుర్రాడికి ఫోను. గోదావరి జిల్లాల్లో ఆ ఫోనుకి వచ్చే జవాబు దాదాపు ఒక్కటే- 'ఆయ్... ఫార్మాట్ కొట్టేద్దామండి!'. జలుబుకీ, మోకాలినొప్పికీ ఒకే మాత్ర ఇచ్చినట్టు. ఫార్మాట్ కొట్టాక ఆ డబ్బా రాదు, నిజమే. దాంతోపాటు దాచుకున్న పెళ్లి ఫొటోలూ, పిల్లల చిన్నప్పటి వీడియోలూ కూడా రావు.

అంత పని చేసేముందు అసలా డబ్బా ఏమంటోందో వింటే సగం గొడవ తీరుతుంది.

రామాలయం గదిలో గుండిగ

డీఎల్ఎల్ అంటే 'డైనమిక్ లింక్ లైబ్రరీ'. పేరు చూసి జడుసుకోనక్కర్లేదు. ఒకప్పుడు మన పల్లెల్లో చాలాచోట్ల రామాలయం పక్కగదిలో ఊరుమ్మడి సామాను ఉండేది. పెద్దపెద్ద గుండిగలు, గంగాళాలు, గరిటెలు, జంపఖానాలు. ఎవరింట్లో పెళ్లయినా అక్కణ్నుంచే తెచ్చుకునేవారు. పనయ్యాక తోమి అప్పజెప్పేవారు. ఎప్పుడో వచ్చే పెళ్లి కోసం ఇంటింటికీ ఓ గుండిగ కొని అటకెక్కించడం దండగ కదా!

కంప్యూటర్లో ప్రోగ్రాములదీ అదే సంసారం. ఉత్తరాలు రాసేది ఒకటి, జమాఖర్చులు చూసేది ఒకటి, పాటలు వినిపించేది ఇంకొకటి. వేటి వంట వాటిదే. కానీ అన్నిటికీ కావాల్సిన పనులు కొన్నుంటాయి. తెర మీద అక్షరాలు గీయాలి, ప్రింటరుకి కబురు పెట్టాలి, ఫైలు దాచాలి, లెక్క కట్టాలి. ఈ పనులు ఎలా చెయ్యాలో ఒక్కసారి రాసి ఒకచోట పెడితే, కావాల్సిన ప్రోగ్రాం వచ్చి వాడుకుంటుంది. ఆ ఉమ్మడి గుండిగే డీఎల్ఎల్. ప్రోగ్రాం నడిచేటప్పుడు వచ్చి కలుస్తుంది కాబట్టి 'డైనమిక్ లింక్'. 1985లో వచ్చిన మొట్టమొదటి విండోస్ నుంచీ ఉన్న పద్ధతే ఇది.

మరి 'లైబ్రరీ' ఏమిటి? ఆ మాట అంతకంటే పాతది. 1949లో ఇంగ్లండులోని కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయంలో ఎడ్‌శాక్ అనే కంప్యూటర్ పని మొదలుపెట్టింది. దాన్ని నడిపిన మారిస్ విల్క్స్, డేవిడ్ వీలర్, స్టాన్లీ గిల్ ఒక సంగతి గమనించారు. వర్గమూలం కట్టడం, అంకెలు అచ్చువెయ్యడం లాంటి పనులు ప్రతివాళ్లకీ కావాలి. ప్రతివాళ్లూ వాటిని మొదట్నుంచీ రాసుకుంటున్నారు. అందుకని ఆ ముక్కల్ని చిల్లులు పెట్టిన కాగితపు పట్టీల మీద తయారుచేసి బీరువాలో వరసగా పెట్టారు. కావాల్సినవాళ్లు తీసుకెళ్లి నకలు చేసుకోవచ్చు. పుస్తకాల బీరువాకీ దానికీ తేడా ఏముంది? అందుకే అది లైబ్రరీ.

ఉమ్మడిలో ఉన్న చిక్కు

ఉమ్మడి సామానంటే సుఖం ఎంతో, పేచీ కూడా అంతే. ఒకాయన పెళ్లికి ఇత్తడి గుండిగ పట్టుకెళ్లి, దాని బదులు కొత్త అల్యూమినియం డేగిసా అప్పజెప్పాడనుకోండి. 'ఇంకా పెద్దదే తెచ్చాను కదండీ' అంటాడు. పెద్దదే. కానీ పాత మూత దానికి పట్టదు. పాత పొయ్యి మీద కుదురుగా కూర్చోదు. ఆ మర్నాడు పెళ్లి పెట్టుకున్నవాడి గతేం కాను?

విండోస్ 95, 98 రోజుల్లో సరిగ్గా ఇదే జరిగేది. కొత్తగా ఎక్కించిన ప్రోగ్రాం తనకి కావాల్సిన డీఎల్ఎల్‌ను తెచ్చి, అదే పేరున్న పాతదాని మీద పెట్టేసేది. కొత్త ప్రోగ్రాం బాగానే నడిచేది. నిన్నటిదాకా నడిచిన పాత ప్రోగ్రాం కూలబడేది. కంప్యూటర్ మనుషులు దానికి 'డీఎల్ఎల్ నరకం' అని పేరే పెట్టుకున్నారు. విండోస్ 2000 తన సొంత ఫైళ్లను ఎవరూ మార్చకుండా కాపలా పెట్టింది. 2001లో వచ్చిన ఎక్స్‌పీ ఇంకో మెట్టెక్కింది. ఒకే ఫైలు రెండు మూడు తరాలవి పక్కపక్కనే ఉంచి, ఎవరి గుండిగ వాళ్లకి అందించే ఏర్పాటు చేసింది.

రెండో చిక్కు, ఊరు విడిచి వెళ్లేవాడిది. అక్కర్లేని ప్రోగ్రాంను తీసేసేటప్పుడు పాతకాలం కంప్యూటర్లు ఒక ప్రశ్న అడిగేవి. 'ఈ ఉమ్మడి ఫైలును ఇంకెవరూ వాడుతున్నట్టు లేదు, తీసెయ్యమంటారా?' అని. సగంమంది చదవకుండానే 'ఎస్' కొట్టేవారు. నెల తర్వాత మరో ప్రోగ్రాం దగ్గర ఎర్రగుర్తు డబ్బా వచ్చేది. ఆ రెండిటికీ సంబంధం ఉందని ఎవరికి తడుతుంది?

ఇదేదో పాతకాలపు ముచ్చట అనుకోనక్కర్లేదు. 2016 మార్చిలో ఒక ప్రోగ్రామరు అలిగి, తాను అందరి కోసం పెట్టిన చిన్న లైబ్రరీని ఇంటర్నెట్‌లోంచి తీసేశాడు. పేరు 'లెఫ్ట్ ప్యాడ్'. మొత్తం 11 వరసలు. అంకె ఎడంపక్క ఖాళీలు నింపడం దాని పని. అంతే! దాని మీద ఆధారపడ్డ ప్రాజెక్టులు ప్రపంచమంతా టపటపా ఆగిపోయాయి. కొద్ది గంటల్లోనే దాన్ని తిరిగి పెట్టించాల్సి వచ్చింది. గుండిగ చిన్నదా పెద్దదా అన్నది కాదు, ఎన్ని పెళ్లిళ్లు దాని మీద ఆధారపడ్డాయన్నది లెక్క.

మాస్టారింటి పాటలు

ఒక్కోసారి ఆ పెళ్లి నిజం పెళ్లే కావచ్చు. రాజమండ్రిలో ఉంటున్న ఒక రిటైర్డు తెలుగు మాస్టారింట్లో అలాగే అయింది. ఉద్యోగమంతా కోనసీమ బళ్లలో చేసి, ఎనభయ్యో పడికి దగ్గరపడ్డ మనిషి. ఆయన భార్యకి పాటల పుట్ట అని పేరు. నలుగు పాట, బంతులాట పాట, వియ్యపురాలి పాట, అలకపాన్పు పాట, అప్పగింతల పాట... ఏ వేడుకకి ఆ పాట. తల్లి దగ్గరా, మేనత్తల దగ్గరా నేర్చుకున్నవి. ఏ పుస్తకంలోనూ లేనివి.

2004 సంక్రాంతికి మాస్టారి పాతశిష్యుడొకడు హైదరాబాదు నుంచి వచ్చాడు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. గురుదక్షిణగా చిన్న ప్రోగ్రాం రాసి ఆయన కంప్యూటర్లో ఎక్కించి వెళ్లాడు. పాట పేరు, ఏ వేడుకది, ఎవరి దగ్గర నేర్చుకున్నది, పాట మొత్తం- అన్నిటికీ గళ్లున్నాయి. ఆవిడ చెప్పడం, ఈయన రెండు వేళ్లతో టైపు చెయ్యడం. నాలుగేళ్లపాటు మధ్యాహ్నాలు అలాగే గడిచాయి. మూడొందల పైచిలుకు పాటలెక్కాయి. 2012లో ఆ కంప్యూటర్ మూలపడింది. ఎవరో కుర్రాడు వచ్చి 'ముఖ్యమైనవన్నీ' పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి ఇచ్చాడు. పాత డబ్బా అటకెక్కింది. తర్వాత కొన్నేళ్లకి ఆవిడా వెళ్లిపోయారు.

పెద్ద మనవరాలి పెళ్లి కుదిరింది. ఇంకో పదిహేను రోజులుందనగా మాస్టారు పెన్‌డ్రైవ్ తీశారు. 'పెళ్లిలో మీ బామ్మ పాటలే పాడాలి' అన్నది ఆయన కోరిక. కొత్త ల్యాప్‌టాప్‌లో పెట్టి నొక్కితే... ఎర్రగుర్తు డబ్బా. 'ఎంఎస్‌వీసీఆర్71 డీఎల్ఎల్ కనిపించడం లేదు' అంది.

పాటలున్న ఫైలు ఆ పెన్‌డ్రైవ్‌లోనే ఉంది. కానీ శిష్యుడు దాన్ని తన పద్ధతిలో దాచాడు. వేరే ప్రోగ్రాంతో తెరిస్తే పిచ్చిగీతలే. బీరువా కళ్లముందే ఉంది, తాళంచెవి లేదు.

దారినపోయేవాడి గుండిగ

మనవడు వెంటనే ఇంటర్నెట్‌లో ఆ ఫైలు పేరు కొట్టాడు. 'ఏ డీఎల్ఎల్ కావాలన్నా ఉచితం' అంటూ బోలెడు దుకాణాలు కనబడ్డాయి. ఒకదాన్ని నొక్కబోతుంటే కాకినాడలో ఇంజనీరింగు చదువుతున్న చిన్న మనవరాలు చెయ్యి పట్టుకుంది.

''ఆగన్నయ్యా! అది ఎవరు పెట్టారో తెలుసా నీకు?''

''ఎవరు పెడితే ఏంటే? పేరు అదే కదా.''

''పేరు అదే. లోపలేముందో?''

ఆ పిల్ల భయం ఉత్తది కాదు. డీఎల్ఎల్ అంటే ఊరికే పడుండే కాగితం కాదు, నడిచే ప్రోగ్రాం ముక్క. దాన్ని పిలిచిన ప్రోగ్రాంకి ఎన్ని అధికారాలుంటాయో దానికీ అన్నీ ఉంటాయి. మీరు కొట్టే బ్యాంకు పాస్‌వర్డును పక్కనించి రాసుకోగలదు. ఇచ్చినవాడు మంచివాడే అయినా అది వేరే తరానిదో, వేరే కొలతదో కావచ్చు.

మాస్టారికి ఆ మాట చటుక్కున ఎక్కింది. ''నిజమేనమ్మడూ. గుండిగ పోయింది కదా అని దారినపోయేవాడిచ్చిన దాంట్లో పెళ్లివంట చేయిస్తామా? లోపల కళాయి ఉందో లేదో ఎవడికి తెలుసు!''

కళాయి వెలిసిన ఇత్తడిలో పులుసు కాస్తే ఏమవుతుందో వెనకటి ఇల్లాళ్లందరికీ తెలుసు. ఆ ఒక్క సంగతీ కంప్యూటర్ ముందు గుర్తొస్తే చాలు.

పేరు కాదు, ఇంటిపేరు

మరి గుండిగ ఎక్కడ దొరుకుతుంది? ఎవరిదో తెలిస్తే దొరుకుతుంది. పెళ్లిసంబంధం చూసేటప్పుడు ముందు ఇంటిపేరు అడిగినట్టే, ఫైలు పేరులోనూ ఇంటిపేరుంటుంది. చిన్న మనవరాలు కాగితం మీద రాసి తాతయ్యకి విడదీసి చూపించింది. ఎంఎస్ అంటే మైక్రోసాఫ్ట్. వీసీ అంటే విజువల్ సీ ప్లస్ ప్లస్, ప్రోగ్రాములు రాసే పనిముట్టు. ఆర్ అంటే రన్‌టైమ్, నడిచేటప్పుడు కావాల్సింది. 71 అంటే 7.1, అంటే 2003లో వచ్చిన తరం. 'ఇది సంధి విడదీసినట్టే ఉందే!' అన్నారు మాస్టారు.

ఇలా విడదీస్తే చాలా ఫైళ్ల ఊరూ పేరూ తెలిసిపోతాయి. చివర 100 ఉంటే 2010 తరం, 120 ఉంటే 2013 తరం. ఈ రోజుల్లో ఎక్కువగా కనబడే 'వీసీరన్‌టైమ్140', 'ఎంఎస్‌వీసీపీ140' 2015 తర్వాతి తరాలవి. వీటికి విడిగా ఫైలు వెతకనక్కర్లేదు. మైక్రోసాఫ్ట్ సొంత సైటులో 'విజువల్ సీ ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్' అనే మూట ఉచితంగా ఇస్తుంది. అది ఎక్కిస్తే ఫైళ్లన్నీ తమ తమ చోట్ల కూర్చుంటాయి. పిల్లల ఆటలు ఆగిపోయి 'డీ3డీఎక్స్9' అని మొదలయ్యే పేరు కనబడితే అది డైరెక్ట్ఎక్స్ వాళ్లది. దానికీ అక్కడే మూట ఉంది. పేరు బొత్తిగా తెలియనిదైతే అది ఆ ప్రోగ్రాం సొంత సామాను. అప్పుడు ఆ ప్రోగ్రాంనే, దాన్ని తయారుచేసినవాళ్ల దగ్గర్నుంచి తెచ్చి మళ్లీ ఎక్కించాలి. డబ్బాలో 'మళ్లీ ఇన్‌స్టాల్ చేసి చూడండి' అని ఉండేది అందుకే.

మాస్టారి ఫైలుతో వచ్చిన తిప్పలేమిటంటే, ఆ 2003 తరం ఫైలు విండోస్‌తో వచ్చే సామాను కాదు. ఎవరి ప్రోగ్రాంకి కావాలంటే వాళ్లే దాన్ని తమ ఫోల్డర్లో పెట్టుకోవాలన్నది అప్పటి పద్ధతి. ప్రోగ్రాం కూడా గుండిగ కోసం మొదట తన ఇంట్లోనే, అంటే తానున్న ఫోల్డర్లోనే చూసుకుంటుంది. అక్కడ లేకపోతేనే విండోస్ వాకిట్లోకి వెళుతుంది. 2012లో వచ్చిన కుర్రాడు ప్రోగ్రాంనీ, పాటల ఫైలునీ మాత్రమే పెన్‌డ్రైవ్‌కి ఎక్కించాడు. పక్కనే ఉన్న తెలియని పేర్ల ఫైళ్లు అతనికి చెత్తలా కనబడి ఉంటాయి.

ఆ రాత్రే డల్లాస్‌లో ఉన్న శిష్యుడికి ఫోను వెళ్లింది. ''ఆ కోడ్ నా దగ్గర లేదు మాస్టారూ. ఉద్యోగాలు మారాను, దేశం మారాను. కానీ ఆ ఫైలు మీ పాత కంప్యూటర్లో ప్రోగ్రాం పక్కనే పెట్టాను. అది ఉందా అండీ?''

మాస్టారు జవాబు చెప్పలేదు. వరండా వైపు చూశారు.

కిలోల లెక్కన బేరం

పెళ్లికి ఇంటికి సున్నాలు వేయిస్తూ అటక మీది సామానంతా దించారు. విరిగిన సైకిలు, చిల్లుపడ్డ కుంపటి, వాటి మధ్య పాత సీపీయూ. కిలోకి ఇంతని బేరం అయిపోయింది. పాతసామాన్ల అతను తెల్లారి బండి తెస్తానన్నాడు.

సీపీయూలోంచి హార్డ్‌డిస్కు తీసి మర్నాడు తెలిసిన షాపుకి పట్టుకెళ్లారు. ఆ కాలపు డిస్కుకి వెడల్పాటి పిన్నులు. ఇప్పటి ల్యాప్‌టాప్‌కి అది తగలదు. అటొకటి ఇటొకటి అతికే తీగ ఒకటి షాపతను సొరుగంతా వెతికి తీశాడు. కరెంటిచ్చాక డిస్కు గుర్రుమంది. ఓసారి టక్‌మని ఆగింది. మళ్లీ తిరిగింది.

తెర మీద ఫోల్డరు కనిపించగానే మాస్టారు ప్రోగ్రాం తెరవమన్నారు. చిన్న మనవరాలు తెరవలేదు. ముందు ఫోల్డరంతా, ఒక్క ఫైలు కూడా వదలకుండా, రెండు చోట్లకి నకలు తీసింది. పాత డిస్కు మళ్లీ ఎన్నిసార్లు తిరుగుతుందో ఎవరికి తెలుసు? ఆ తర్వాతే ల్యాప్‌టాప్‌లో నొక్కింది. ఈసారి ఎర్రగుర్తు రాలేదు. పాటల జాబితా వచ్చింది. మొదటి గడిలో 'ఎవరి దగ్గర నేర్చుకున్నది' అన్నచోట మాస్టారి అత్తగారి పేరుంది.

మీ ఇంట్లో అయితే...

అందరిళ్లలోనూ గుండిగ ఒకేలా పోదు. అందుకని కంగారుపడకుండా వరసగా చూసుకోవాలి.

మొదట డబ్బాలోని ఫైలు పేరు అక్షరం పొల్లుపోకుండా కాగితం మీద రాసుకోండి. ఫోనుతో ఫొటో తీసుకున్నా సరే. తర్వాత చెత్తబుట్ట చూడండి. జాగా ఖాళీ చేద్దామని మీరే పారేసి ఉండొచ్చు. ఆనక యాంటీవైరస్‌ను అడగండి. అనుమానం వచ్చిన ఫైళ్లను అది 'క్వారంటైన్' అనే గదిలో పెట్టి తాళం వేస్తుంది. అక్కడుంటే, ప్రోగ్రాం నమ్మకమైనచోటి నుంచి తెచ్చుకున్నదైతేనే విడిపించాలి.

అవేవీ కాకపోతే, ప్రోగ్రాంను తీసేసి మళ్లీ ఎక్కించడం. పెన్‌డ్రైవ్‌లో తెచ్చిన ప్రోగ్రాం అయితే ఫోల్డరు మొత్తం తెచ్చారో, తెర మీది బొమ్మను మాత్రమే తెచ్చారో చూసుకోండి. ఆ బొమ్మ ఇంటి చిరునామా మాత్రమే, ఇల్లు కాదు.

పోయింది విండోస్ సొంత ఫైలైతే, కరెంటు పోయి కంప్యూటర్ హఠాత్తుగా ఆగిపోయినప్పుడు పాడైందైతే, దానికి వేరే మందుంది. కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్ హోదాలో తెరిచి 'ఎస్ఎఫ్‌సీ' అని కొట్టి, జాగా వదిలి, గీతతో 'స్కాన్‌నౌ' అని కొడితే విండోస్ తన సామానంతా తానే లెక్కచూసుకుని, పాడైన వాటిని బాగుచేసుకుంటుంది. కాసేపు పడుతుంది. ఈలోగా కాఫీ తాగొచ్చు.

ఇక అతి తెలివితో ఫైలును సిస్టమ్32 ఫోల్డర్లో మీరే పడెయ్యకండి. అక్కడో తిరకాసుంది. ఇప్పటి 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్‌వి మాత్రం పేరులో 64 ఉన్న 'సిస్‌వావ్64'లో ఉంటాయి. రామయ్యగారింట్లో కృష్ణయ్యగారు, కృష్ణయ్యగారింట్లో రామయ్యగారు! ఒకరిది ఒకరికి పెడితే ఫైలున్నా ప్రోగ్రాం నడవదు.

ఇంకో మాట. కంప్యూటర్ తెరవగానే, ఏమీ నొక్కకుండానే 'రన్‌డీఎల్ఎల్' అంటూ వింతపేరు ఫైలు లేదని వస్తే, ఒక్కోసారి అది శుభవార్తే. యాంటీవైరస్ ఏదో దొంగను పట్టి పంపేసింది. వాణ్ని పొద్దున్నే నిద్రలేపమన్న చీటీ మాత్రం మిగిలిపోయింది. చీటీ చింపెయ్యాలి గానీ, దొంగను తిరిగి తెచ్చుకోకూడదు.

గౌతమి కనబడలేదు

పాటలు వచ్చాయి గానీ మాస్టారికి ఏదో తేడాగా ఉంది. కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చూశారు. ''అక్షరాలు మారాయేమిటే? మేము టైపు చేసినప్పటివి ఇవి కావు.''

ఆయన కన్ను సరైందే. 2001లో విండోస్ ఎక్స్‌పీతోపాటు తెలుగు కోసం ఒక ఫాంటు వచ్చింది. దాని పేరు గౌతమి. ధవళేశ్వరం దిగువన సముద్రం దాకా సాగే మన గోదావరి పాయ పేరే. మాస్టారి పాటలు అందులో టైపైనవి. విండోస్ 10 నుంచీ గౌతమి అన్ని కంప్యూటర్లలోనూ ముందుగా ఉండడం లేదు. దాని చోట 'నిర్మలా' ఫాంటు తెలుగు చూపిస్తుంది. గౌతమి కావాలంటే సెట్టింగుల్లో 'ఆప్షనల్ ఫీచర్స్' లోకి వెళ్లి తెలుగు అదనపు ఫాంట్లను చేర్చుకోవాలి. ''గోదావరి ఒడ్డున కూర్చుని గౌతమి లేదంటే ఎలాగే!'' అని పట్టుబట్టి మరీ పెట్టించుకున్నారు మాస్టారు.

ఆ గౌతమి వెనక కూడా ఒక డీఎల్ఎల్ కథ ఉంది. ఫాంటులో అక్షరాల బొమ్మలుంటాయి. కానీ 'స్త్రీ' అని రాయాలంటే సకారం కింద తకారం ఎక్కడ కూర్చోవాలి, రకారం ఎటు ఒదగాలి, దీర్ఘం దేనికి తగలాలి? ఎక్స్‌పీలో ఆ సర్దుబాటంతా చేసింది 'యూఎస్‌పీ10' అనే ఉమ్మడి ఫైలు. అప్పట్లో కంట్రోల్ ప్యానెల్‌లో ఒక గడిలో టిక్కు పెడితే గానీ తెలుగు కుదురుకునేది కాదు. టిక్కు పెట్టగానే విండోస్ సీడీ అడిగేది. ఊరికి తెచ్చిన అసెంబుల్డ్ కంప్యూటర్లతో సీడీ ఎక్కడిది? వత్తులన్నీ విడివిడిగా, పెళ్లిభోజనాల్లో తప్పిపోయిన పిల్లల్లా నిలబడేవి.

ఆ ఒక్క ఫైలు సర్దుకున్నాక మాత్రం ఉత్తరాలు రాసే ప్రోగ్రాంలో, ఇంటర్నెట్ చూసేదాంట్లో, మాస్టారి పాటల గళ్లలో- దాన్ని వాడుకునే అన్నిచోట్లా తెలుగు ఒక్కసారిగా కుదురుకుంది. ఉమ్మడిలో ఉన్న బలం అదే. 1847లో మొదలుపెట్టి 1852 నాటికి కాటన్ దొర ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట కట్టిస్తే, ఏ రైతుకారైతు నదికి అడ్డం కట్టుకోనక్కర్లేకపోయింది. తలదగ్గర బాగుచేస్తే శివారు దాకా నీళ్లు. సుమారు 10 లక్షల ఎకరాలు ఇప్పటికీ ఆ ఏర్పాటు మీదే పండుతున్నాయి. తలదగ్గర చెడితే అందరికీ చేటే. అందుకే ఏటా వేసవిలో కాలువలు కట్టేసి మరమ్మతులు చూసుకుంటారు.

వరస ఎక్కడుంది?

ఈసారి పాటల్ని ఒక్క ప్రోగ్రాం చేతిలో పెట్టలేదు. మూడొందల పైచిలుకు పాటల్నీ ఏ కంప్యూటరైనా చదవగలిగే మామూలు అక్షరాల ఫైలుగా మార్చారు. ఒకటి ఇంట్లో, ఒకటి కాకినాడలో, ఒకటి డల్లాస్‌లో. కాగితం మీద అచ్చువేయించిన ప్రతుల్లో ఒకటి మాస్టారు తాను పనిచేసిన ఊరి శాఖా గ్రంథాలయానికి ఇచ్చారు. పాతసామాన్ల అతనికి డిస్కు లేని ఖాళీ సీపీయూ తూకానికి వెళ్లింది.

పెళ్లికి రెండ్రోజుల ముందు ఆడవాళ్లంతా పాటల కాగితాలు పట్టుకుని కూర్చున్నారు. నలుగు పాట సాగింది. వియ్యపురాలి పాట నవ్వులతో సాగింది. అప్పగింతల పాట దగ్గర ఆగిపోయారు. మాటలన్నీ ఉన్నాయి, ఒక్క అక్షరం పోలేదు. వరస ఎవరికీ రాలేదు. శిష్యుడు పెట్టిన గళ్లలో దానికి గడి లేదు.

''మీ బామ్మ చెల్లెలుంది కదే నరసాపురంలో'' అన్నారు మాస్టారు.

ఆవిడకి డెబ్భై అయిదు. ఫోను స్పీకర్లో పెట్టారు. ''నాకెక్కడ గుర్తుంటుందమ్మా'' అంటూనే మొదటి చరణం మాట వినగానే అందుకుంది. మధ్యలో దగ్గింది, ఒకచోట ఏడ్చింది, మళ్లీ పాడింది. చిన్న మనవరాలు రెండో ఫోనులో రికార్డు చేసుకుంది. ఆ రాత్రి ఆ శబ్దాన్ని పాట ఉన్న ఫోల్డర్లోనే, పాట పక్కనే పెట్టింది. ఫోల్డరంతా మళ్లీ మూడుచోట్లకి పంపించింది.